పావ్లే వుయిసిచ్: బస్సు కండక్టరుగా కనిపించిన ఆ నటుడి గురించి

ప్రశ్న:
యుగోస్లావియా దర్శకుడు స్లోబొదాన్ షియాన్ 1980లో తీసిన ‘కో తో తామో పేవా’ (అక్కడ పాడుతున్నదెవరు) ఈమధ్యే చూశాను. 1941 ఏప్రిల్ 5న, అంటే రాజధాని బెల్‌గ్రేడ్‌పై నాజీ జర్మనీ బాంబులు పడడానికి ముందురోజు, ఒక డొక్కు బస్సులో అక్కడికి బయలుదేరిన ప్రయాణికుల కథ అది. అందులో కండక్టరుగా వేసిన పావ్లే వుయిసిచ్ ఇంకా కళ్ల ముందే ఉన్నారు. ఆయన మొదటినుంచీ క్యారెక్టర్ ఆర్టిస్టేనా? తరువాత ఏది చూడమంటారు?

జవాబు 1:
దాదాపు అంతే. 1926లో బెల్‌గ్రేడ్‌లో పుట్టిన వుయిసిచ్ నటనలో పట్టా పుచ్చుకున్నవారు కారు. 1950లలో మొదలుపెట్టి, 1988లో కన్నుమూసేదాకా కథానాయకుడి పక్కనే నిలబడి పేరు తెచ్చుకున్నారు. యూల్ బ్రిన్నర్, ఆర్సన్ వెల్స్ వంటి విదేశీ తారలను దించి 1969లో తీసిన భారీ పార్టిజాన్ చిత్రం (రెండో ప్రపంచయుద్ధంలో నాజీలతో పోరాడిన గెరిల్లాల కథ) ‘నెరెత్వా యుద్ధం’లోనూ ఆయన ఉన్నారు. అయితే ఇంటింటా ఆయన్ను తమవాడిగా చేసింది మాత్రం, హాస్యనటుడు చ్కాల్యాతో కలిసి లారీ డ్రైవరుగా వేసిన 1970ల టీవీ ధారావాహిక. ఎమిర్ కుస్తురిత్సా 1985లో తీసి కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత పురస్కారమైన పామ్ డోర్ గెలుచుకున్న సినిమాలో తాత ఆయనే.

జవాబు 2:
కొడుకు మీష్కో కళ్లకు గంతలు కట్టుకొని కూడా బస్సు నడపగలడని కండక్టరు పందెం కాసే ఘట్టాన్ని మరోసారి చూడండి. లోపల కూర్చున్నవారికి పైప్రాణాలు పైనే పోతుంటే, ఆయనకు అది వేళాకోళం కాదు, కొడుకు పనితనానికి సంబంధించిన పరువు. ఈ సినిమా రచయిత దుషాన్ కొవాచెవిచ్ మాటలు పదునైనవే, కాదనను. కానీ ఆ బొంగురు గొంతూ, బరువైన దేహమూ లేకపోతే అవి ఉత్త చమత్కారాలుగా మిగిలిపోయేవి. మన కండక్టర్ల ‘రైట్ రైట్’ లాగా ఆయన అనే ‘వోజీ, మీష్కో’ (పోనీ, మీష్కో) అక్కడి జనం నోట సామెతలా నిలిచిపోయింది.

జవాబు 3:
ఆయన ప్రతి సినిమాలోనూ తనలాగే ఉంటారనే మాట తరచూ వింటాను, ఒప్పుకోను. అదే దర్శకుడు, అదే రచయిత 1982లో తీసిన ‘మరథాన్ పరుగువీరులు’లో శవపేటికల వ్యాపారం చేసే ఇంట్లో ఆయన చాలామంది ముసలివాళ్లలో ఒకరు, బస్సులో చలాయించిన పెత్తనం అక్కడ సాగదు. రెండూ వెంటవెంటనే చూస్తే తేడా తెలుస్తుంది. సెర్బియాలోని నీష్ నగరపు చిత్రోత్సవంలో జీవిత సాఫల్య పురస్కారాన్ని 1994 నుంచి ఆయన పేరుతోనే ఇస్తున్నారు.

ప్రశ్న అడిగినవారు:
ధన్యవాదాలు. అయితే ఈ ఆదివారం శవపేటికల ఇంటితోనే మొదలుపెడతాను.