టీవీ చూసి ఓటేస్తామా, పార్టీని బట్టి టీవీ చూస్తామా?

పెరంబూర్ కుర్రాడు:
మేం చెన్నైలోనే పుట్టి పెరిగాం, ఇంట్లో తెలుగు బయట తమిళం. మా పెదనాన్న డీఎంకే వైపుండే సన్ న్యూస్ తప్ప ఇంకోటి పెట్టనివ్వడు, పక్కింటి అత్త అన్నాడీఎంకే వైపుండే న్యూస్ జే తప్ప చూడదు. ఒకే మీటింగ్, ఒకదాంట్లో జనం కిటకిట, ఇంకోదాంట్లో ఖాళీ కుర్చీలు. ఈ ఛానళ్ల వల్ల నిజంగా ఓట్లు మారతాయా, లేక ముందే ఫిక్సయినోళ్లని ఖుషీ చేయడానికేనా?

వేళచ్చేరి బావ:
అంత సీన్ లేదు తమ్ముడూ. 2006లో డీఎంకే ఫ్రీ కలర్ టీవీ అంది, గెలిచింది, ఇచ్చింది కూడా. 2007లో సన్ టీవీ ఓనర్లు, కరుణానిధి బంధువులే అయిన మారన్ వాళ్లతో చెడ్డాక కలైజ్ఞర్ టీవీ పెట్టుకున్నారు, తర్వాత వాళ్లతో రాజీ కూడా అయింది, అంటే 2011 ఎలక్షన్ నాటికి ఇంట్లో పెట్టె వాళ్లు ఇచ్చిందే, అందులో వచ్చే ఛానళ్లూ వాళ్లవే. వచ్చింది 23 సీట్లు 😄 ఎంత బాగా చూపించినా కరెంటు పోతే టీవీయే రాదుగా, ఆ కోతలు మర్చిపోయారా?

మైలాపూర్ ఆంటీ:
ఓట్ల సంగతేమో గానీ టీవీ ఛానళ్లకి పవర్ లేదంటే నేనొప్పుకోను. 2001 జూన్ 30 తెల్లారకముందే జయలలిత గవర్నమెంట్ కరుణానిధి గారిని అరెస్ట్ చేసినప్పుడు సన్ టీవీ ఆ లాక్కెళ్లే సీన్ తిప్పి తిప్పి వేసింది, పార్టీతో సంబంధం లేనోళ్లు కూడా అయ్యో ముసలాయన్ని అన్నారు. ఢిల్లీ దాకా కదిలి గవర్నర్ ఫాతిమా బీవీ రాజీనామా చేయాల్సొచ్చింది. జయలలిత వైపుండే జయా టీవీ వేరే ఫుటేజ్ వేసింది, అందులో దెబ్బలు తినేది పోలీసులు!

టీఆర్పీ బాధితుడు:
మన పాత్ర గురించి ఎవరూ మాట్లాడరేం? రేటింగ్ మీటర్లు ఉండేది దేశం మొత్తం మీద కొన్ని పదుల వేల ఇళ్లలోనే, మనం కోపంతో రిమోట్ విసిరేసినా వాళ్లకి తెలీదు. 2020 అక్టోబర్‌లో గోల్‌మాల్ ఆరోపణలొచ్చి న్యూస్ రేటింగ్స్ ఆపేశారు, 2022 మార్చ్ దాకా లేవు, అరుపులు తగ్గాయా మరి? ఆ డిబేట్ ముక్కలు ఫ్యామిలీ గ్రూపులో పడేసేది మనమే కదా, తిట్టడానికి పంపినా వాళ్ల పబ్లిసిటీ ఫ్రీగా చేసినట్టే.

వేళచ్చేరి బావ:
ఛానల్ కంటే వైరు ముఖ్యం బాస్. మారన్లతో గొడవలో అరసు కేబుల్ అని సర్కారు కేబుల్ కంపెనీ మొదలెట్టింది డీఎంకే గవర్నమెంటే, రాజీ అయ్యాక మూలన పడేశారు, 2011లో జయలలిత వచ్చి దుమ్ము దులిపి నెలకి 70 రూపాయలకి ఇచ్చింది.