1925 ఎన్‌ఎఫ్‌ఎల్ టైటిల్ ఎవరిది: పాట్స్‌విల్‌దా, కార్డినల్స్‌దా?

బొగ్గుబంతి:
అమెరికన్ ఫుట్‌బాల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో వందేళ్లు దాటినా తెగని తగువు ఇది. తెలియనివాళ్ల కోసం ముందు సంగతి చెప్తాను. పాట్స్‌విల్ పెన్సిల్వేనియాలో ఆంత్రసైట్ బొగ్గు గనుల ఊరు. ఆ ఊరి జట్టు మరూన్స్ లీగ్‌లో చేరిందే 1925లో. ఓనరు డాక్టర్ జాన్ స్ట్రీగెల్ అనే సర్జన్, కోచ్ డిక్ రౌచ్. డిసెంబరు 6న షికాగో వెళ్లి, కొమిస్కీ పార్కులో అక్కడి జట్టు కార్డినల్స్‌ని 21–7తో ఓడించారు. ఇక ఛాంపియన్లు వీళ్లేనని పేపర్లు రాసేశాయి.

ఆరు రోజులకు ఫిలడెల్ఫియా షైబ్ పార్కులో నోట్రడామ్ యూనివర్సిటీ మాజీ ఆటగాళ్ల జట్టుతో ఎగ్జిబిషన్ మ్యాచ్ ఆడి 9–7తో గెలిచారు. ఆ నగరం ఫ్రాంక్‌ఫర్డ్ యెల్లో జాకెట్స్ ఇలాకా. వాళ్లు ఫిర్యాదు చేశారు. లీగ్ అధ్యక్షుడు జో కార్ పాట్స్‌విల్‌కి 500 డాలర్ల జరిమానా వేసి సస్పెండ్ చేశాడు. ఈలోపు కార్డినల్స్ ఓనరు క్రిస్ ఓబ్రయన్ హడావిడిగా రెండు మ్యాచ్‌లు కుదుర్చుకున్నాడు. 10వ తేదీన మిల్వాకీ మీద 59–0, 12న హామండ్ మీద 13–0. పట్టికలో చివరికి కార్డినల్స్ 11–2–1 (గెలుపులు–ఓటములు–టైలు), పాట్స్‌విల్ 10–2.

మైదానంలో తేలిన విషయాన్ని ఆఫీసులో తిరగరాశారన్నది నా వాదన. కాదనేవాళ్లు కానివ్వండి.

రూల్‌బుక్:
కాదంటున్నా. డిసెంబరు 6 మ్యాచ్‌ని ఫైనల్ అనుకోవడంలోనే తప్పుంది. ఆ రోజుల్లో ఫైనల్ అన్నదే లేదు, అది మొదలైంది 1933లో. అంతవరకూ గెలుపు శాతాన్ని బట్టే టైటిల్. ముందు ఏడాదే చూడండి: 1924 డిసెంబరు 7న షికాగో బేర్స్ క్లీవ్‌లాండ్‌ని 23–0తో చితక్కొట్టి టైటిల్ మాదే అన్నారు. సీజన్ నవంబరు 30తోనే అయిపోయింది, ఆ మ్యాచ్ లెక్కలోకి రాదు అని కార్ తేల్చాడు. ఛాంపియన్ క్లీవ్‌లాండే. ఈ గొడవ మళ్లీ రాకూడదనే 1925 సీజన్‌కి డిసెంబరు 20 గడువు పెట్టారు. కార్డినల్స్ ఆడిన రెండు మ్యాచ్‌లూ గడువు లోపలివే. పేపర్లు ఛాంపియన్ అన్నంత మాత్రాన లీగ్ అన్నట్టు కాదు.

లెక్క_సరిచూడు:
వాదించే ముందు శాతాలు పక్కపక్కన పెట్టుకుందాం. అప్పట్లో టై అయిన మ్యాచ్‌ని లెక్కలోంచి పూర్తిగా తీసేసేవారు. గెలుపులని గెలుపు ఓటముల మొత్తంతో భాగించడమే.

డిసెంబరు 6 రాత్రికి: పాట్స్‌విల్ 10–2, అంటే 0.833. కార్డినల్స్ 9–2–1, అంటే 0.818.
ఒక్క మ్యాచ్ అదనంగా గెలిస్తే కార్డినల్స్ 10–2–1: 0.833, సరిసమానం.
రెండూ గెలిస్తే 11–2–1: 0.846, ముందంజ.

అంటే ఓబ్రయన్‌కి ఒక్క మ్యాచ్ సరిపోదు, రెండూ కావాలి. ఆ రెండింట్లో మిల్వాకీది ఎలాంటి మ్యాచో బొగ్గుబంతి గారు ఇంకా చెప్పలేదు.

బొగ్గుబంతి:
చెప్తున్నా. మిల్వాకీ బ్యాడ్జర్స్‌కి ఆ రోజు మనుషులు సరిపోలేదు. కార్డినల్స్ ఆటగాడు ఆర్ట్ ఫోల్జ్ షికాగోలోని ఎంగిల్‌వుడ్ హైస్కూల్ నుంచి నలుగురు కుర్రాళ్లని తెచ్చి మిల్వాకీ తరఫున దింపాడు. స్కూలు పిల్లలున్న జట్టు మీద 59–0! బయటపడ్డాక ఫోల్జ్‌కి జీవితకాల నిషేధం (తర్వాత ఎత్తేశారనుకోండి), ఓబ్రయన్‌కి 1000 డాలర్లు, మిల్వాకీ ఓనరు ఆంబ్రోస్ మెక్‌గర్క్‌కి 500 డాలర్లు, పైగా 90 రోజుల్లో జట్టు అమ్మేసుకోమని ఉత్తర్వు. ఆ మ్యాచ్‌ని రికార్డుల్లోంచి కొట్టేస్తానని కార్ స్వయంగా అన్నాడు. కొట్టేయలేదు. ఇవాళ్టికీ ఆ 59–0 పట్టికలో కూర్చునే ఉంది.

అది తీసేస్తే కార్డినల్స్ 10–2–1. పైన లెక్కగారు వేసిన రెండో వరసే. ఇద్దరూ 0.833, ముఖాముఖిలో 21–7. ఇంకా ఏం కావాలి?

రూల్‌బుక్:
శాతాలు సమానమైతే ముఖాముఖిని బట్టి తేల్చాలన్న నిబంధన అప్పుడు ఉందా? మీకు నచ్చిన నిబంధన 1925కి తీసుకెళ్లి అంటించకండి. మిల్వాకీ భాగోతాన్ని నేనూ సమర్థించను. అయితే దాని శిక్ష దానిది, ఫిలడెల్ఫియా తప్పు దానిది.

యెల్లోజాకెట్:
ఫ్రాంక్‌ఫర్డ్ ఏదో అసూయతో ఫిర్యాదు చేసిందన్నట్టు అందరూ రాస్తారు. అప్పటి డబ్బు సంగతి తెలిస్తే అలా అనరు. టీవీ లేదు, జట్టు బతకాలంటే గేటు వసూళ్లే దిక్కు. ఒక నగరంలో టికెట్లు అమ్ముకునే హక్కు ఒక్క జట్టుదే అన్నది అందుకే. డిసెంబరు 12న ఫ్రాంక్‌ఫర్డ్‌కి అదే నగరంలో క్లీవ్‌లాండ్‌తో లీగ్ మ్యాచ్ ఉంది. అదే రోజు అవతల నోట్రడామ్ పేరుతో జనాన్ని లాగితే ఎవరు ఊరుకుంటారు? కార్ ముందే ఆడొద్దని హెచ్చరించాడు కూడా.

ఇంకొకటి. పాట్స్‌విల్ లీగ్‌లో నిలదొక్కుకుందే ఫ్రాంక్‌ఫర్డ్ పుణ్యాన. ఫిలడెల్ఫియాలో ఆదివారం ఆటల మీద నిషేధం గట్టిగా ఉండేది, కాబట్టి ఫ్రాంక్‌ఫర్డ్ సొంత మ్యాచ్‌లు శనివారం. బొగ్గు గనుల వైపు ఆ చట్టాన్ని అంతగా పట్టించుకునేవారు కాదు. దూరం నుంచి వచ్చే జట్టు శనివారం ఫ్రాంక్‌ఫర్డ్‌లో ఆడి, రైలెక్కి ఆదివారం పాట్స్‌విల్‌లో ఆడేది. ఒక ప్రయాణం ఖర్చుతో రెండు గేట్లు. అలాంటి పొరుగు జట్టు వసూళ్లకి గండి కొట్టడం ఏం న్యాయం?

బొగ్గుబంతి:
ఆ రైలు సంగతిలో ఇంకో కోణం ఉంది. నిన్న ఫ్రాంక్‌ఫర్డ్‌తో కుమ్ముకుని అలసిపోయిన జట్టు ఇవాళ పాట్స్‌విల్ చేతికి చిక్కేది. మా వాళ్ల స్కోర్లలో కొంత వాటా దానిదేనని నేనే ఒప్పుకుంటున్నా.

అనుమతి విషయానికొస్తే, లీగ్ ఆఫీసు ఫోన్‌లో సరేనందని స్ట్రీగెల్ చివరిదాకా చెప్పాడు. నోట్రడామ్ వాళ్లతో ఆడేది ఫ్రాంక్‌ఫర్డ్, పాట్స్‌విల్ రెండో మ్యాచ్‌లో నెగ్గిన జట్టేనని ముందే మాట ఉందని కూడా పాట్స్‌విల్ వాదన. నవంబరు 29న ఆ మ్యాచ్ 49–0తో నెగ్గింది పాట్స్‌విలే.

రూల్‌బుక్:
ఫోన్‌లో సరేనన్నారు అంటే సరిపోతుందా? కాగితం ఏదీ?

పంటర్:
శాతాలు పక్కన పెట్టి ఆట చూద్దాం. పాట్స్‌విల్ 12 మ్యాచ్‌ల్లో 270 పాయింట్లు చేసి 45 ఇచ్చింది. ఓడినవి రెండే: ప్రావిడెన్స్ చేతిలో 6–0, నవంబరు 14న ఫ్రాంక్‌ఫర్డ్ చేతిలో 20–0. గెలిచిన పదింట్లో ఏడింట ఎదుటి జట్టుకి ఒక్క పాయింటూ రాలేదు. బంతి పట్టుకుని గుంపులోకి దూసుకెళ్లడానికి గని కార్మికుడిగా చేసిన టోనీ లాటోన్, తోడు బార్నీ వెంట్జ్. వరస చివర ఆడే ‘ఎండ్’ స్థానంలో చార్లీ బెరీ, ఆ ఏడు 74 పాయింట్లతో లీగ్‌లో అందరికన్నా ఎక్కువ. నోట్రడామ్ మీద గెలిపించిన ఫీల్డ్ గోల్ (గోల్ స్తంభాల మధ్యకి తన్నే కిక్) కూడా అతనిదే.

కార్డినల్స్‌ని తక్కువ చేయను. కాలేజీ ఆటలో పెద్ద స్టార్ అయిన రెడ్ గ్రాంజ్ బేర్స్ తరఫున ఆడిన తొలి ప్రొఫెషనల్ మ్యాచ్‌లో, నవంబరు 26న, బేర్స్‌ని 0–0 దగ్గర నిలిపారు. కార్డినల్స్ ఆటగాడు ప్యాడీ డ్రిస్కాల్ చాలా పంట్లని (బంతిని ఎదుటి జట్టుకి వదిలేస్తూ దూరంగా తన్నే కిక్‌లని) గ్రాంజ్‌కి అందకుండా పక్కకి కొట్టాడు. టికెట్ కొన్న జనం గ్రాంజ్ పరుగు చూడలేక గోల పెట్టారు గానీ, పంట్ ఎలా కొట్టాలో నేర్చుకోవాలంటే అదే పాఠం. నాకైతే ఓబ్రయన్ ఆ రెండు మ్యాచ్‌లు పెట్టుకున్నది టైటిల్ మోజుతో కాదనిపిస్తుంది. పట్టికలో పైన ఉంటే గ్రాంజ్ ఉన్న బేర్స్‌తో ఇంకో మ్యాచ్ దొరుకుతుంది, గేటు నిండుతుంది.

లెక్క_సరిచూడు:
ఇంకో తమాషా. 1972 నుంచి లీగ్ టైని సగం గెలుపుగా లెక్కిస్తోంది. ఆ పద్ధతిలో కార్డినల్స్ 14లో 11.5, అంటే 0.821. పాట్స్‌విల్ 0.833. మిల్వాకీ మ్యాచ్ ఉంచినా పాట్స్‌విలే పైన! రూల్‌బుక్ గారు ఏమంటారో తెలుసు: 1972 నిబంధన 1925కి అంటించకూడదు. ఒప్పుకుంటా.

అయితే పాట్స్‌విల్ అభిమానులకీ ఒక చేదు లెక్క. సస్పెన్షన్ వల్ల ప్రావిడెన్స్‌తో ఆడాల్సిన మ్యాచ్ పోయింది. అది ఆడి గెలిచి ఉంటే 11–2, అంటే 0.846. కార్డినల్స్‌తో సమానమే, ముందంజ కాదు. ఓడితే 10–3, 0.769. మిల్వాకీ మ్యాచ్‌ని కొట్టేయకుండా, పాత పద్ధతిలో, పాట్స్‌విల్ ఒంటరిగా పైకొచ్చే దారి ఎక్కడా లేదు.

రూల్‌బుక్:
అందుకే ఓనర్లు ఎప్పుడూ కదల్లేదు. 1963లో 12–2, 2003లో 30–2 తేడాతో మళ్లీ తెరవొద్దన్నారు. 2003లో తెరవమన్నవి పెన్సిల్వేనియా జట్లు రెండే, స్టీలర్స్, ఈగిల్స్.

బొగ్గుబంతి:
ఆ ఓట్లేసినవాళ్లలో ఓబ్రయన్ లేడు కదా. లీగ్ ఇవ్వబోతే టైటిల్ వద్దన్నది ఆయనే. ఆటలో ఓడి తీసుకోలేనన్నాడు. కార్డినల్స్ ఆ టైటిల్ మాదే అనడం మొదలైంది జట్టు తర్వాతి ఓనరు బిడ్విల్ చేతికి వెళ్లాకే. ఇటు పాట్స్‌విల్ ఆటగాళ్లు ఆంత్రసైట్ బొగ్గుతో ఫుట్‌బాల్ ఆకారంలో ట్రోఫీ చెక్కించి, 1925 ప్రపంచ ఛాంపియన్లు అని రాయించి, కాంటన్ హాల్ ఆఫ్ ఫేమ్‌కి ఇచ్చారు. లీగ్ పట్టికలో రెండో స్థానం అని ఉన్న జట్టు ట్రోఫీని హాల్ ఆఫ్ ఫేమ్ ఎందుకు తీసుకుందో రూల్‌బుక్ గారే చెప్పాలి.

రూల్‌బుక్:
మ్యూజియం వస్తువులు తీసుకుంటుంది, టైటిళ్లు పంచదు. మిల్వాకీ మ్యాచ్‌ని కొట్టేస్తానని కార్ అన్నమాట నిలబెట్టుకోకపోవడం మాత్రం లీగ్ తప్పే. ఆ ఒక్క వరస తీసేయమని అర్జీ పెడితే నేనూ సంతకం చేస్తా. 0.833 దగ్గర ఇద్దరినీ నిలబెట్టండి, అంతకు మించి ఇవ్వను.