కోరిక రాస్తే ఒక మాట పోయే పుస్తకం: కథలో లొసుగు పూడ్చేదెలా?

నరసన్నపేట జెరాక్స్:
మాది చిన్న జెరాక్స్, డీటీపీ షాపు. రాత్రి షట్టర్ దించాక మా పాపకి (ఏడో తరగతి) ఒక కథ చెబుతున్నాను. రెండు నెలలుగా సాగుతోంది. ముయ్యేటివాడ అని మూడు ఏర్ల మధ్య ఒక ఊరు. అక్కడి కోటలో ఒక తాళపత్ర పుస్తకం. అందులో ఏ కోరిక రాసినా జరిగిపోతుంది, కానీ రాసిన ప్రతిసారీ ఊరి జనం నోట్లోంచి ఒక మాట మాయమైపోతుంది. రాజు వాన కావాలని రాశాడు. వాన పడింది, 'బేగి' (మా వైపు 'త్వరగా' అనడానికి) పోయింది. ఇక ఎవరినీ తొందరపెట్టలేరు, చేతులూపుకోవడమే. తర్వాత కోటకి గోడ కావాలని రాశాడు. 'చోడి' (మా వైపు రాగులకి ఆ పేరే) పోయింది. చేలో పంట ఉంది, కుండలో అంబలి ఉంది, అడిగి పోయించుకోడానికి పేరు లేదు. ఒక ముసలమ్మ గిన్నె పట్టుకుని వచ్చి, నోరు తెరిచి, అలాగే నిలబడిపోతుంది. అది చెప్పినప్పుడు పాప నవ్వలేదు.

బాగానే నడుస్తోంది అనుకుంటే మొన్న రెండు ప్రశ్నలేసింది. 'పోయిన మాటలన్నీ తిరిగి రావాలి' అని అందులోనే రాసేస్తే అయిపోదా నాన్నా? పోనీ ఆ పుస్తకాన్ని జెరాక్స్ తీసుకుంటే? జెరాక్స్ షాపు వాడి కూతురు మరి. నిద్రొస్తోందని చెప్పి తప్పించుకున్నాను. ఏదైనా దారి చెప్పండి.

కోట జంక్షన్, విజయనగరం:
మొదటిదానికి తాటాకే జవాబు చెబుతుందండి. మా తాతగారింట్లో ఒక కట్ట ఉండేది. ఘంటంతో (మొనదేలిన ఇనప కలం) గీసినప్పుడు అక్షరం సరిగా కనబడదు, గీత కూడా ఆకు రంగులోనే ఉంటుంది. దీపం మసి నూనెలో కలిపి రుద్ది, గుడ్డతో తుడిచేస్తే అప్పుడు గీతల్లో నలుపు నిలుస్తుంది. కాబట్టి గీసేవాడు ఒకడు, మసి పూసేవాడు ఇంకొకడు అని పెట్టండి. మసి పడేదాకా కోరిక పలకదు. మాటలన్నీ తిరిగి రావాలని ఎవరైనా గీసినా, మసి పుయ్యమని రెండోవాడికి చెప్పాలి కదా. ముందే ఆ 'మసి' అన్న మాటని పోగొట్టేయండి!

ఆ మసి పూసేవాడిని ఎంచుకునే పని కూడా రాజుకి ఇవ్వకండి. మా పైడితల్లి జాతరలో ఊరేగించే సిరిమాను చెట్టు ఏ తోటలో ఉందో అమ్మవారే పూజారి కలలోకొచ్చి చెబుతుందంటారు. అలా పుస్తకమే వాడి కలలోకి రావాలి.

వంశధార ఒడ్డు:
పూర్వం జెరాక్స్ అంటే లేఖకుడే. ఆకులు పాడైతే కొత్త ఆకుల మీదికి ఎత్తి రాసేవాడు. చూసింది చూసినట్టు రాశాను, తప్పుంటే నాది కాదు అనే అర్థం వచ్చే శ్లోకం ఒకటి చివర్లో తగిలించేవాడు (మీ షాపులో కూడా ఆ బోర్డు పెట్టుకోవచ్చు). మీ పుస్తకానికి నకలు తీయడమంటే అందులోని కోరికలన్నీ మళ్లీ రాసినట్టే కదా. ఎన్ని ఎత్తి రాస్తే అన్ని మాటలు గల్లంతు. మీ మెషీన్‌లో పెడితే నిమిషంలో ఊరంతా మూగబోతుంది.

టెక్కలి మాస్టారు:
నాదొక మాట. ఎక్కడో ఒకచోట రాతలోకెక్కిన మాటనే ఆ పుస్తకం మింగగలదని పెట్టండి. గిడుగు రామమూర్తి గారు మన పర్వతాలపేటలో 1863లో పుట్టారు. పర్లాకిమిడిలో పంతులుగా పనిచేస్తూ అక్కడి కొండల్లో ఉండే సవరల భాష నేర్చుకుని, ఒక్కొక్క మాటా రాసిపెట్టి నిఘంటువు తయారుచేశారు. మీ ముయ్యేటివాడ పక్కన కూడా ఒక కొండ ఉందనుకోండి. అక్కడివాళ్ల భాషకి రాత లేదు, అందుకే వాళ్ల మాట ఒక్కటీ పోలేదు. అలాంటి చోటికి ఒక మంచాయన, ఆ భాష మీద ప్రేమకొద్దీ, అన్నీ రాసుకుందామని ఆకులూ ఘంటం పట్టుకుని కొండెక్కుతున్నాడు. గిడుగు వారు నన్ను క్షమించాలి.

కోట జంక్షన్, విజయనగరం:
మాస్టారూ, అది పడుకోబోయే పిల్లకి చెప్పే కథండీ! నాకే టెన్షన్ వస్తోంది.

నరసన్నపేట జెరాక్స్:
అందరికీ థాంక్స్. రాత్రి మొత్తం చెప్పేశాను. మసి సంగతికి చప్పట్లు కొట్టింది. నకలు సంగతి వినగానే మా మెషీన్ వైపు అనుమానంగా చూసింది. మాస్టారి కొండ దగ్గరే మళ్లీ పట్టుకుంది. "మరి 'బేగి' మా తెలుగు వాచకంలో లేదు కదా. ఎవరూ రాయకపోతే ఎలా పోయింది?"

నేను తల గోక్కుంటుంటే లేచి వెళ్లి, కౌంటర్ కింద ఉన్న ఉద్దర పుస్తకం తీసింది. పేజీలు తిప్పి ఒకచోట వేలు పెట్టింది. 'మిగతా 30 బేగి ఇస్తానన్నారు'. నా దస్తూరీయే.

దాంతో ముయ్యేటివాడలో దొంగ దొరికాడు. కోట గుమ్మం ఎదురుగా కొట్టు పెట్టుకున్న వ్యాపారట. ఈ రాత్రి వాడి విచారణ ఉంది, షాపు బేగి కట్టేసి రమ్మంది.