సబ్‌టైటిల్‌లో ‘కల్ట్’కు ‘క్షుద్ర’ అని వేస్తే సరిపోతుందా?

హారర్ సినిమాల్లో ఒక గుంపు చేరి గుట్టుగా నరబలులు ఇస్తుంటుంది కదా, దానికి తెలుగులో ప్రతిసారీ ‘క్షుద్రపూజలు చేసేవాళ్లు’ అనే వేస్తున్నారు. వేరే మాట ఉందా? ‘కల్ట్’ అనే ఉంచుదామంటే మా తిరుపతి కుర్రాళ్లకు కల్ట్ అంటే బొమ్మ అదిరిందని అర్థం!

— అన్నా, క్షుద్రం అంటే అసలు అల్పం, నీచం. గీత రెండో అధ్యాయంలో ‘క్షుద్రం హృదయదౌర్బల్యం’ అని కృష్ణుడు అర్జునుణ్ణి కసిరింది ఆ అర్థంలోనే, అక్కడ నిమ్మకాయలూ లేవు, పుర్రెలూ లేవు. వాటిని బాగా ప్రచారం చేసింది మన నవలలూ సినిమాలూ. అయినా అసలు చిక్కు అది కాదు. క్షుద్రపూజ అన్నది పూజకు పేరు, ఈ సినిమాల్లో ఒళ్లు జలదరించేది గుంపును చూసి. 1973లో వచ్చిన ‘ది వికర్ మ్యాన్’ చూడు, తప్పిపోయిన పిల్లను వెతుక్కుంటూ పోలీసాయన దీవికి వస్తే అందరూ నవ్వుతూనే మాట్లాడతారు, చివరికి పాటలు పాడుకుంటూ ఆయన్నే తగలబెడతారు. మన ‘పాతాళ భైరవి’లో బలి కోసం తిరిగేది నేపాళ మాంత్రికుడు ఒక్కడే, వెంట ఓ శిష్యుడు. ఒక్కడికైతే ‘మాంత్రికుడు’ చాలు, ఊరంతా అదే పని చేస్తే ఏమనాలో మనకు అవసరం పడలేదు.

‘కాపాలికులు’ అని మాత్రం వేయొద్దు సామీ, అది నిజంగా ఉండిన శైవశాఖ. పైగా ఏడో శతాబ్దంలోనే పల్లవరాజు మహేంద్రవర్మ ‘మత్తవిలాస ప్రహసనం’లో, మన పక్కనున్న కంచిలోనే, తాగి, భిక్షపాత్రగా వాడే కపాలం పోగొట్టుకుని వీధులు పట్టి తిరిగే కాపాలికుణ్ణి చూపించి నవ్వించాడు.

— అదంతా సరేన్నా, మన తిరుపతి గంగజాతర సంగతేంది? చాటింపు పడితే పొలిమేర దాటకూడదంటారు, తోటి వేషం రోజు ఒళ్లంతా బొగ్గు పూసుకుని బూతులు తిట్టుకుంటా తిరుగుతాం. బయటివాడు అది తీసి కింద ‘క్షుద్ర’ అని వేస్తే?

— వేస్తే గంగమ్మే చూసుకుంటుంది. జాతర ఊరంతా వినేట్టు చాటింపు వేసి చేసేది, వీళ్లది బలయ్యేవాడికి తెలియకుండా దాచి చేసేది. ఆ దాపరికం మాటలో వినపడాల, అందుకే నేనైతే ‘బలిముఠా’ అని వేస్తా. దొంగనోట్ల ముఠా గుర్తొస్తుందంటావా, రానీ, వీళ్లేమన్నా అంతకంటే మర్యాదస్తులా?