కష్టపడితే పైకి రావచ్చన్నది ఇంకా నిజమేనా?

ఉక్కునగరం అబ్బాయి:
నిన్న ఇంకో చర్చలో ఒకాయన "కష్టపడేవాడు ఎక్కడైనా పైకొస్తాడు, అసమానతలు అనేది పనిలేనివాళ్ల మాట" అని తేల్చేశారు. రాత్రంతా అదే బుర్రలో తిరిగింది. మా తాత అనకాపల్లి దగ్గర బెల్లం గానుగ మీద కూలీ, నాన్న ఐటీఐ ఫిట్టర్. విశాఖ స్టీల్ ప్లాంటులో పర్మనెంట్ ఉద్యోగం రాగానే క్వార్టర్, ఆసుపత్రి, మంచి బడి అన్నీ ఒకేసారి వచ్చాయి, నేనూ చెల్లీ ఇంజినీరింగ్ చదివేశాం. మా బాబాయి కొడుకుదీ అదే ట్రేడు, మార్కులు నాన్న కంటే ఎక్కువే. వాడు ఒక ఫ్యాక్టరీలో 18 ఏళ్లుగా కాంట్రాక్టు. టెండరు మారినప్పుడల్లా కొత్త కాంట్రాక్టరు పేరుతో కొత్త గేట్‌పాస్, సర్వీసు మళ్లీ మొదటి రోజు నుంచి లెక్క. పాత పాసులు తొమ్మిది, రబ్బరు బ్యాండు చుట్టి బీరువాలో పెట్టుకున్నాడు, ఒక్కో ఫొటోలో జుట్టు కొంచెం కొంచెం నెరుస్తూ కనిపిస్తుంది. వాడు నాన్న కంటే తక్కువ కష్టపడ్డాడని ఎవరైనా చెప్పగలరా?

ఇది మన ఊరి గోలే కాదు. పేద కుటుంబం సగటు ఆదాయానికి చేరడానికి ఎన్ని తరాలు పడుతుందో 2018లో ఓఈసీడీ (ఎక్కువగా ధనిక దేశాలుండే సంఘం) లెక్కేసింది. డెన్మార్క్‌లో 2, అమెరికాలో 5, మన దేశంలో 7. అమెరికాలో 1940లో పుట్టినవాళ్లలో పదికి తొమ్మిదిమంది తల్లిదండ్రుల కంటే ఎక్కువ సంపాదించారు, 1980ల్లో పుట్టినవాళ్లలో సగం మందే అని ఆర్థికవేత్త రాజ్ చెట్టి బృందం తేల్చింది. మిగతా సగం మంది ఒక్కసారిగా బద్ధకస్తులైపోయారా?

మధురవాడ టెక్కీ:
అన్నా, మీ తమ్ముడి విషయం బాధగా ఉంది. కానీ మా అమ్మ పూర్ణా మార్కెట్‌లో కూరగాయలు అమ్మింది. ఫీజు రీయింబర్స్‌మెంట్‌తో చదివాను, ఇప్పుడు రుషికొండలో ఉద్యోగం, సొంత ఫ్లాటు. ఒక్క తరంలోనే కదా? డెన్మార్క్ గురించి అందరూ చెప్పేస్తారు గానీ, ఆర్థికశాస్త్రంలో నోబెల్ వచ్చిన జేమ్స్ హెక్‌మన్ ఇంకొకాయనతో కలిసి చూస్తే, తల్లిదండ్రుల చదువుని బట్టి పిల్లల చదువు ఆధారపడటంలో అమెరికాకీ డెన్మార్క్‌కీ పెద్ద తేడా లేదని తేలింది. డెన్మార్క్‌లో ఉచితంగా చదివించినా అంతే. డబ్బున్నవాళ్ల మీద ఏడవడం మానేసి పిల్లల చదువు చూసుకోవాలి.

పెదగంట్యాడ:
ఇద్దరూ ఒకటి మర్చిపోయారు. ఆ క్వార్టర్లు, ఆ ప్లాంటు మా ఊళ్ల మీదే కట్టారు. భూములు పోయినవాళ్లకి ఇచ్చిన ఆర్ కార్డు పట్టుకుని మా నాన్న ఉద్యోగం కోసం తిరిగి తిరిగి చనిపోయారు, కార్డు ఇప్పటికీ ట్రంకు పెట్టెలో ఉంది. మీ ఇంటికి వచ్చిన నిచ్చెన మా భూమిలోంచే మొలిచింది బాబూ.

ఉక్కునగరం అబ్బాయి:
పెదగంట్యాడ గారూ, నిజం. మా ఇంట్లో ఆ మాట ఎప్పుడూ రాలేదు, రావాల్సింది. మాకు దక్కింది మీకూ దక్కాల్సిందే.

తమ్ముడూ, మీ అమ్మగారికి దండం. కానీ ఆ ఫీజు మీ కష్టం ఒక్కటే కట్టలేదు, ప్రభుత్వం కట్టింది. హెక్‌మన్ మాట కూడా నా వైపే వస్తుంది చూడండి. చదువులో తేడా లేకపోయినా ఆదాయంలో డెన్మార్క్ పిల్లలు ముందుండటానికి కారణం అక్కడ కింది జీతాలకీ పై జీతాలకీ మధ్య దూరం తక్కువ, పన్నులతో ఇంకా తగ్గిస్తారు. అంటే అక్కడ ఫిట్టరు ఫిట్టరుగానే ఉండి కూడా బతకగలడు. ఇక్కడ 2022-23లో పై ఒక్క శాతం మందికే దేశ ఆదాయంలో 22.6 శాతం వెళ్లిందని వరల్డ్ ఇనీక్వాలిటీ ల్యాబ్ అంచనా. అందరూ రుషికొండ ఎక్కలేరు, ఎక్కితే పైపులు బిగించేదెవరు? 1966లో మన విశాఖలో జనం తుపాకీ గుండ్లకి ఎదురెళ్లి అడిగింది అలాంటి పర్మనెంట్ జీతాలిచ్చే స్టీల్ ప్లాంటునే, 2021లో దాన్నే అమ్మేస్తామని కేంద్రం అంది.

ఒక సాయం కావాలి. కాంట్రాక్టులో ఉన్న మా బాబాయి కొడుకు కూతురు పాలిసెట్ రాసింది, మంచి ర్యాంకే. ఏ బ్రాంచి తీసుకుంటే పర్మనెంట్ అవుతుందన్నయ్యా అని వాడు అడిగాడు. నాన్న పక్కనే కూర్చున్నారు, ఇద్దరికీ నోట మాట రాలేదు. తెలిసినవాళ్లు ఎవరైనా ఉంటే చెప్పండి, ఈ వారంలోనే ఆప్షన్లు పెట్టాలి.