కేర్ హోమ్‌లో పెద్దవాళ్ళతో మాట కలపడం ఎలా?

ప్రశ్న: నమస్కారమండి. గుంటూరు నుంచి ఇంగ్లండ్‌లోని లీడ్స్ వచ్చి, పెద్దవాళ్ళను చూసుకునే కేర్ హోమ్‌లో పనికి చేరాను. వాన గురించి రెండు మాటలు అయ్యాక ఇక్కడి పెద్దవాళ్ళతో ఏం మాట్లాడాలో తోచదు. ఒక పెద్దావిడ మిగిలిన రొట్టెముక్కలను చేతిరుమాలులో చుట్టి దాచుకుంటారు. తీసి పారేయాలా?

జవాబు: ఆవిడ కళ్ళముందు మాత్రం పారేయకమ్మా. పాడైనవి తీసేయాల్సిందే, కానీ అడిగి తీసి, ఆ చేతిలోనే తాజాది పెట్టు. ఆ అలవాటు కరువు రోజులది. రెండో ప్రపంచ యుద్ధం 1945లో ముగిసినా ఇక్కడ రేషన్, అంటే మనిషికి ఇంతే అన్న కొలత, 1954 జూలై దాకా నడిచింది. యుద్ధంలో కూడా రేషన్ లేని రొట్టెకు 1946లో రేషన్ పెట్టి రెండేళ్ళు కొనసాగించారు. మన తెల్లకార్డులా పేదలకే కాదు, పసిపిల్లలతో సహా ప్రతి మనిషికీ ఒక రేషన్ పుస్తకం. మిఠాయిల మీద ఆంక్షలు 1953 ఫిబ్రవరిలో ఎత్తేస్తే పిల్లలు దుకాణాల ముందు బారులు తీరారు. ఆ రోజు ఏం కొనుక్కున్నారో అడిగి చూడు, ముఖాలు వెలిగిపోతాయి.

మీ లీడ్స్‌లో అప్పట్లో వీపుకు వీపు ఆనించి కట్టిన ఇళ్ళ వరుసలు ఉండేవి. చాలా ఇళ్ళకు స్నానాలగది లేదు, మరుగుదొడ్డి బయటే. బొగ్గు పొయ్యి ముందు రేకు తొట్టి పెట్టుకుని వారానికోసారి స్నానం. రోజూ స్నానం వద్దంటే మొండితనం అనుకోకు.

ఇంకొకటి, ఇది ముఖ్యం. అందరికీ ఉచితంగా వైద్యం చేసే ఇక్కడి జాతీయ ఆరోగ్య సేవ (NHS) 1948 జూలై 5న మొదలైంది. అంతకుముందు ఫీజుకు జడిసి డాక్టరును పిలవని తల్లులు ఎందరో. వాళ్ళ పెంపకంలో పెరిగినవాళ్ళు నొప్పిని దాచుకుంటారు. "బాగానే ఉన్నాను" అంటే అక్కడితో వదిలేయకు. తినడం తగ్గిందా, నడక మారిందా గమనించి నర్సుకు చెప్పు.

మరో జవాబు: అక్క చెప్పింది నిజమే. కానీ అందరూ ఇక్కడే పుట్టినవాళ్ళు కారు. కరీబియన్ దీవుల నుంచి వచ్చి ఆసుపత్రుల్లో, బస్సుల్లో పనిచేసినవాళ్ళూ ఉంటారు. ఒంటి రంగు చూసి గది అద్దెకివ్వకపోవడాన్ని చట్టం నిషేధించింది 1968లోనే. అంతకుముందు వచ్చినవాళ్ళు ఎన్ని గుమ్మాల దగ్గర వెనుదిరిగారో! వాళ్ళను ఆ రోజుల గురించి గుచ్చిగుచ్చి అడగకండి. చెబితే పని ఆపి వినండి.

ఇక పిలుపు. మనకు పెద్దవాళ్ళను పేరుపెట్టి పిలవడానికి నోరు రాదు. ఇక్కడ కొందరికి ఇంటిపేరుతో మిసెస్ అంటే గౌరవం, కొందరికి అసలు పేరే ఇష్టం. మొదటి రోజే అడిగి రాసుకోండి.