లియోన్‌లో ఫుడ్ టూర్ తీసుకోవచ్చా? మా ముగ్గురివీ మూడు రకాల తిండి

పెసరపచ్చ అడిగారు:

అందరికీ నమస్కారం. అక్టోబరులో మావారికి ప్యారిస్‌లో ఆఫీసు పని ఉంది. ఆయనతో పాటు నేనూ, అత్తయ్యగారూ వెళ్తున్నాం. శుక్రవారం రాత్రి టీజీవీ అనే వేగం రైలు ఎక్కి లియోన్ చేరి, శని, ఆదివారాలు అక్కడ గడిపి రావాలని ప్లాను. ప్యారిస్ నుంచి రెండు గంటలే కదా.

లియోన్ అంటే తిండికి పేరున్న ఊరని అందరూ చెప్తున్నారు. ఆన్‌లైన్‌లో వెతికితే గైడుతో నడుస్తూ, ఆగిన చోటల్లా ఏదో ఒకటి తింటూ పాత ఊరు చూసే టూర్లు చాలా కనిపించాయి. నేను చూసినవాటిలో ఒకటి మూడున్నర గంటలు, మనిషికి 90 యూరోలు. ముగ్గురికీ కలిపి 270.

ఇప్పుడు అసలు సంగతి. మావారు చికెన్, చేప తింటారు, బీఫ్, పోర్క్ ముట్టరు. నేను గుడ్డు వరకే. అత్తయ్యగారు గుడ్డు కూడా తినరు, పాలు, పెరుగు పర్వాలేదు. టూర్ ఫొటోల్లో చూస్తే అన్నీ సాసేజ్‌లే వేలాడుతున్నాయి! అంత డబ్బు పెట్టి వెళ్లాక ఆవిడ ఓ రొట్టె ముక్క పట్టుకుని పక్కన నిలబడాల్సి వస్తుందేమోనని నా టెన్షన్. ఆవిడ మాత్రం "నాకేం ఫర్వాలేదు, ఊరు చూస్తాగా" అంటున్నారు. అలా అన్నప్పుడే నాకు ఇంకా భయం.

వెళ్లినవాళ్లు చెప్పండి. టూర్ తీసుకోవచ్చా, లేక సొంతంగా తిరగడమే మేలా?

బ్యాక్‌ప్యాక్ బాబాయ్:

వద్దమ్మా. నేను ఒక టూర్‌కి వెళ్లాను, పేరు చెప్పను. గైడు కుర్రాడు మంచివాడే గానీ పాత ఊళ్లోని సాన్ జాన్ వీధి దాటితే ఒట్టు. ఒక కొట్లో మూడు సాసేజ్ చెక్కలు, ఇంకో కొట్లో ఓ జున్ను (చీజ్) ముక్క, చివర్లో గులాబీరంగు టార్ట్. మధ్యలో కథీడ్రల్ ముందు నిలబెట్టి పుస్తకంలో ఉన్నదంతా అప్పజెప్పాడు. ఆ డబ్బుతో పార్ట్ ద్యూ స్టేషన్‌కి దగ్గర్లోనే ఉన్న పాల్ బోక్యూజ్ హాల్‌కి వెళ్లండి. లోపల జున్ను, చేప, మిఠాయి, పళ్లు అన్నీ ఒకే కప్పు కింద. ఏది నచ్చితే అది, ఎవరికి కావలసింది వాళ్లు.

సోన్ ఒడ్డున:

బాబాయ్ గారితో సగం ఒప్పుకుంటాను. సాన్ జాన్ వీధి దాటని టూర్‌కి డబ్బు దండగే. అయితే హాల్‌కి పొమ్మనడం దానికి బదులు కాదు. అది బజారు, 1971లో కట్టిన భవనం. ఇక్కడి పేరుమోసిన షెఫ్ పాల్ బోక్యూజ్ పేరు తర్వాత పెట్టారు. సరుకు అద్భుతం, రేట్లు కూడా అలాగే ఉంటాయి. ఊరికీ ఆ తిండికీ సంబంధం ఏమిటో మాత్రం అక్కడ ఎవరూ చెప్పరు.

నేను ఉండేది ఇక్కడే, క్రువా రూస్ కొండ మీద. ఇంటికొచ్చిన ప్రతి చుట్టాన్నీ టూర్‌కి పంపడమో, నేనే తిప్పడమో తప్పదు. కాబట్టి నా మాట కాస్త పొడుగ్గా ఉంటుంది, ఓపిక పట్టండి.

లియోన్‌లో మెనూ చూస్తే మొదట వచ్చే అనుమానం "ఇంత పేరున్న ఊళ్లో ఈ పేగులూ, కాలేయాలూ ఏమిటి?" అని. దానికి జవాబు కింద పాత ఊళ్లో దొరకదు, కొండ ఎక్కాలి. క్రువా రూస్‌లో ఇళ్ల కిటికీలు చూడండి, మామూలు ఇళ్ల కన్నా చాలా ఎత్తు. లోపల సీలింగు నాలుగు మీటర్ల దాకా ఉంటుంది. అది దర్జా కోసం కట్టింది కాదు, జకార్డ్ మగ్గం నిలబడాలంటే అంత ఎత్తు కావాలి. పట్టు నేసే కన్యూలు అందులోనే నేసి, అందులోనే వండుకుని, మగ్గం పక్కనే పడుకునేవాళ్లు. కూలీ నేసిన కొలతను బట్టి. వ్యాపారులు రేటు తగ్గిస్తే ఇంట్లో తిండి తగ్గేది. కనీస రేటు నిలబెట్టమని 1831 నవంబరులో ఈ కొండ దిగి ఊరి మీదికి వెళ్లారు. 1834లో మళ్లీ తిరగబడ్డారు. పని చేస్తూ బతకాలి, లేదా పోరాడుతూ చావాలి అని నల్ల జెండా మీద రాసుకున్నది వాళ్లే.

తెల్లవారకముందే పని మొదలుపెట్టేవాళ్లకి తొమ్మిదింటికల్లా గట్టిగా తినాలనిపిస్తుంది. ఆ పొద్దుటి భోజనమే మాషోన్. పంది మాంసం, పేగులు, వైన్, అన్నీ చవకలో దొరికేవే. ఇప్పుడు బూషోన్ అనే చిన్న హోటళ్లలో గళ్ల గుడ్డ పరిచిన బల్ల మీద పెట్టేది చాలావరకు ఆ తిండే. వైన్ పోసే మందపాటి అడుగున్న సీసాని 'పో' అంటారు, అందులో పట్టేది 46 సెంటీలీటర్లు. కొండ మీద ఈ కథంతా విన్నాక కింద ఆ బల్ల దగ్గర కూర్చుంటే అది వేరే భోజనం. తినకపోయినా సరే. మీ అత్తయ్యగారిలాంటి వాళ్లకి టూర్ పనికొస్తుందని నేను అనేది అందుకే.

వంట చేసింది ఎవరన్నది ఇంకో కథ. డబ్బున్న ఇళ్లలో వంటమనుషులుగా ఉన్న ఆడవాళ్లు బయటికొచ్చి సొంతంగా భోజనశాలలు పెట్టుకున్నారు. వాళ్లని ఇక్కడ 'మేర్' అంటారు, అమ్మలని. వాళ్లలో యూజెనీ బ్రాజియే పల్లెటూరి పిల్ల. 1921లో రువాయాల్ వీధిలో హోటల్ తెరిచింది. 1933 నాటికి ఆమె రెండు హోటళ్లకీ హోటళ్లకి రేటింగు ఇచ్చే మిషెలిన్ గైడులో మూడేసి నక్షత్రాలు. పాల్ బోక్యూజ్ కుర్రాడిగా పని నేర్చుకున్న వంటిళ్లలో ఆమెది ఒకటి. ఊరంతా బోక్యూజ్ బొమ్మలే కనిపిస్తాయి, బ్రాజియే పేరు ఎత్తని గైడు దొరికితే మీరే అడగండి.

ఇక ట్రబూల్‌లు. ఒక వీధి తలుపులో దూరి, ఇళ్ల మధ్య నడవల్లోంచి, పెరళ్లలోంచి నడిచి ఇంకో వీధిలో తేలడం. పాత లియోన్‌లో అన్నిటికన్నా పొడుగైనది సాన్ జాన్ వీధి 54వ నంబరు దగ్గర మొదలై బ్యఫ్ వీధి 27 దగ్గర తేలుతుంది. అవి మనుషులు కాపురం ఉంటున్న ఇళ్లు, గట్టిగా మాట్లాడకూడదు. గైడు లేకుండా కూడా వెళ్లొచ్చు, కొన్ని తలుపులు పగలు నెడితే తెరుచుకుంటాయి. కానీ ఏ తలుపో తెలియక అందరూ మూసిన వాటి ముందు ఫొటోలు దిగి వెళ్లిపోతుంటారు. రెండో ప్రపంచ యుద్ధంలో రెసిస్టెన్స్ వాళ్లు, అంటే రహస్యంగా ఎదిరించిన ఫ్రెంచివాళ్లు, జర్మన్ల కళ్లు గప్పడానికి వాడిన దారులు ఇవే. దారి తెలిసినవాళ్లకీ తెలియనివాళ్లకీ ఎంత తేడానో అక్కడే అర్థమవుతుంది.

తిండి సంగతి. మీవారికి ఇబ్బంది లేదు. కెనెల్ తినమనండి. పైక్ అనే మంచినీటి చేపని పిండి, వెన్న, గుడ్డుతో మెత్తగా కలిపి ఉడికించి, క్రేఫిష్ సాస్ పోసి ఇస్తారు. కానీ దూడ మాంసంతో చేసే కెనెల్ కూడా ఉంది, కాబట్టి మెనూలో బ్రోషే (పైక్‌కి ఫ్రెంచి పేరు) అని ఉందో లేదో చూసుకోవాలి. బ్రెస్ కోడి ఇక్కడికి దగ్గరి ప్రాంతానిదే. ఆందుయెట్, తాబ్లియే ద సాపర్ అన్న పేర్లు కనిపిస్తే పక్కన పెట్టండి, అవి పేగులూ, పశువు కడుపు భాగాలూ. సలాద్ లియోనేజ్‌ని సలాడ్ అని నమ్మి తెప్పించుకోకండి. అందులో గుడ్డుతో పాటు పోర్క్ ముక్కలు తప్పకుండా ఉంటాయి. తీసేసి ఇమ్మంటే ఇస్తారు, అయితే ముందే చెప్పాలి. బల్ల మీద ఊరికే పెట్టే గ్రతోన్‌లు వేయించిన పంది కొవ్వు. ఇక్కడ చాలామంది పొరబడేది వాటి దగ్గరే.

మీకు ప్రలీన్ టార్ట్, ప్రలీన్ బ్రియోష్ (గుడ్డు, వెన్న వేసిన మెత్తటి రొట్టె) రెండూ పనికొస్తాయి. గులాబీరంగు చక్కెర పాకం పట్టిన బాదం పప్పులే ప్రలీన్‌లు. టార్ట్ కళ్లు తిరిగేంత తీపి, ఒక ముక్క ఇద్దరికి చాలు.

అత్తయ్యగారికి ఈ ఊళ్లో నేను మొదట పెట్టేది సెర్వెల్ ద కన్యూ. 'నేతగాడి మెదడు' అని అర్థం వచ్చే ఆ పేరు విని ఎవరైనా భయపెడితే నమ్మకండి, అందులో మాంసం ఉండదు. తాజా తెల్ల జున్నులో సన్నగా తరిగిన ఉల్లి, వెల్లుల్లి, ఆకుకూరలు, మిరియాలు, నూనె, కాస్త వెనిగర్. చిక్కటి పెరుగు పచ్చడి అనుకోండి. రొట్టె మీద రాసుకుని తినొచ్చు. బగెట్ ట్రడిస్యోన్ అనే పొడుగాటి రొట్టెలో ఏం వేయాలో 1993 నుంచి చట్టమే ఉంది, ముఖ్యంగా పిండి, నీళ్లు, ఉప్పు, ఈస్ట్ లేదా పులిసిన పిండి. గుడ్డు భయం లేదు. టార్ట్, బ్రియోష్ ఆవిడకి కుదరవు. కూసాన్ అనే ఆకుపచ్చ మిఠాయి చూడ్డానికి అమాయకంగా ఉంటుంది గానీ లోపలి చాక్లెట్‌లో క్యురసావ్ అనే మద్యం కలుపుతారు. అది ఆవిడకి అభ్యంతరమో కాదో మీకే తెలియాలి.

బుక్ చేసేముందు వాళ్లకి ఒక మెయిల్ పెట్టండి. కొండ మీదికి తీసుకెళ్తారా, ఎక్కడెక్కడ కూర్చోబెడతారు, గుడ్డు కూడా తినని మనిషికి ప్రతి ఆగిన చోటా ఏం ఇస్తారు అని అడగండి. మూడో దానికి "నో ప్రాబ్లం" అని ఒక్క ముక్కలో జవాబొస్తే వదిలేయండి. పదార్థాల పేర్లు రాసి పంపినవాళ్లకే డబ్బు కట్టండి.

చలిగాలి:

సోన్ ఒడ్డున గారు కాళ్ల సంగతి చెప్పలేదు! మా నాన్నగారితో వెళ్లాం. పాత లియోన్ అంతా గుండ్రాళ్లు పరిచిన వీధులు, పల్చటి చెప్పులకి అరికాళ్లు మండిపోతాయి. గట్టి అడుగున్న బూట్లు వేయించండి. కొండకి మెట్రో సీ లైన్ ఉంది, పళ్ల పట్టా మీద ఎక్కే మెట్రో. నాన్నగారు టూర్ కన్నా దాన్నే ఎక్కువ మెచ్చుకున్నారు. పైకి మెట్రోలో వెళ్లి, మెల్లగా కిందికి దిగే టూర్ ఉంటే పెద్దవాళ్లకి అదే హాయి. ఇంకో కొండ మీదున్న ఫూర్వియేర్ బాసిలికా అనే చర్చికి కూడా మెట్లు ఎక్కనవసరం లేదు, పాత ఊళ్లోంచి ఫ్యునిక్యులర్ (తాడుతో లాగే కొండ రైలు) ఉంది.

ఇంకో మాట, టిఫిన్ తినకుండా వెళ్లండి.

పెసరపచ్చ:

అందరికీ థాంక్స్. మెయిల్ పెట్టాను. ఒకళ్లు నిజంగానే "నో ప్రాబ్లం" అని రాశారు! ఇంకొకళ్లు మాత్రం ఆగే ప్రతి చోటా అత్తయ్యగారికి ఏం ఇస్తారో విడివిడిగా రాశారు. రెండో వాళ్లు క్రువా రూస్ మార్కెట్‌లో మొదలుపెట్టి కిందికి దిగుతారట. అందులో జున్ను రెండుసార్లు ఉంది. అత్తయ్యగారు పాల పదార్థమైతే తింటానంటున్నారు గానీ, జున్నులో ఏదో కలుపుతారని ఎవరో ఆవిడకి చెప్పారు. నిజమేనా? అలాగే శనివారం తీసుకోవాలా, ఆదివారమా?

సోన్ ఒడ్డున:

నిజమే. ఫ్రెంచి జున్నుల్లో చాలావాటికి పాలు విరగడానికి దూడ కడుపులోంచి తీసే రెనెట్ వాడతారు. ఇక్కడ దాన్ని ప్రెజ్యూర్ అంటారు. కొండ జున్ను కోంతే లాంటివి ఆవిడకి పెట్టకండి, జంతు రెనెట్ వాడాలని దాని నియమాల్లోనే ఉంది. మొక్కల నుంచి, సూక్ష్మజీవుల నుంచి తీసిన రెనెట్‌తో చేసినవీ దొరుకుతాయి. సాన్ మార్సెలాన్ ఇక్కడి ముద్దు జున్ను, చెంచాతో తీసుకునేంత మెత్తగా ఉంటుంది, కానీ అందులో ఏ రెనెట్ వాడారో అడగాల్సిందే. సెర్వెల్‌కి వాడే తెల్ల జున్నులోనూ కొందరు కొంచెం వేస్తారు. కాబట్టి అదే మెయిల్‌కి కొనసాగింపుగా 'జంతు రెనెట్ లేనిది' అని ఒక వాక్యం చేర్చండి. శాకాహారం అని మాత్రం రాసి ఊరుకోకండి, ఇక్కడ ఆ మాట అన్నా గుడ్డు పెట్టేస్తారు. మాంసం, చేప, గుడ్డు, జంతు రెనెట్ వద్దని పేరుపేరునా రాయాలి.

శనివారం పొద్దున తీసుకోండి. మార్కెట్ నిండుగా ఉంటుంది, గైడు చూపించిన కొట్లకి మధ్యాహ్నం మీరే మళ్లీ వెళ్లొచ్చు. ఆఖరి రోజు పెట్టుకుంటే నచ్చింది కొనుక్కునే వీలుండదు. బూషోన్‌లో కూర్చుని తినాలని మీవారికి ఉంటే శనివారం రాత్రికి ఇప్పుడే బల్ల చెప్పి ఉంచండి, ఆదివారం చాలావాటికి సెలవు. ఆదివారం పొద్దున సోన్ నది గట్టు మీద సాంత్ ఆంత్వాన్ మార్కెట్ ఉంటుంది. అక్కడ పళ్లు, రొట్టె కొనుక్కుని మెట్ల మీద కూర్చుంటే సరిపోతుంది. హోటల్లో నీళ్లకి డబ్బు కట్టకండి, 'కరాఫ్ దో' అంటే కుళాయి నీళ్లు ఉచితంగా తెచ్చి పెడతారు. బిల్లులో సర్వీసు కలిసే ఉంటుంది, టిప్ మీ ఇష్టం. గైడుకి మాత్రం నచ్చితే ఇవ్వండి.